ఎమ్మెల్యే రోజంతా ఏం చేస్తారు? పందొమ్మిదేళ్లు పీఏగా చూసినవాడి జవాబు

మీరు అడిగింది ఇది: వయసు 28, హైదరాబాద్‌లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం, సొంత నియోజకవర్గం నుంచి ఎమ్మెల్యేగా పోటీ చేయాలని ఉంది. అసలు ఎమ్మెల్యే చేసే పనేమిటి, జీతమెంత, పైకి ఎలా ఎదుగుతారు, ఓడిపోతే బతుకు ఏమవుతుంది? రాజకీయాల్లోకి రావద్దని చెప్పేవాళ్లు మీకు చాలామంది దొరుకుతారు, ఆ పని నేను చేయను. తెలంగాణలో ఇద్దరు ఎమ్మెల్యేల దగ్గర 19 ఏళ్లు పీఏగా పనిచేశాను. మొదలుపెట్టినప్పుడు ఇంకా ఉమ్మడి రాష్ట్రమే. మొదటి సార్ అధికార పక్షం, రెండో సార్ ఎక్కువకాలం ప్రతిపక్షం. పేర్లు చెప్పను. ఇద్దరూ ఇప్పటికీ ఫోన్ చేస్తుంటారు, ఆ మర్యాద పోగొట్టుకోవడం నాకిష్టం లేదు.

చేరిన మొదటి వారంలోనే మొదటి సార్ ఒక మాటన్నారు: "మన దగ్గర పవర్ లేదయ్యా, ఫోన్ ఉంది." అప్పుడది వినయం అనుకున్నాను. ఆరు నెలలకు తెలిసింది, ఆయన ఉన్నదున్నట్టు చెప్పారని. ఎమ్మెల్యే శాసనసభ సభ్యుడు. చట్టాలకు ఓటేయడం, బడ్జెట్‌ను ఆమోదించడం, ప్రభుత్వాన్ని నిలదీయడం రాజ్యాంగం ఆయనకు అప్పజెప్పిన పని. రోడ్డు మంజూరు చేసేది ప్రభుత్వం, పట్టా ఇచ్చేది రెవెన్యూ, బదిలీ చేసేది ఆ శాఖ అధికారి. ఎమ్మెల్యే సంతకంతో ఒక అటెండర్ కూడా ఒక ఊరి నుంచి ఇంకో ఊరికి మారడు. నియోజకవర్గ అభివృద్ధి నిధి ఉంది కదా అంటారేమో, అందులోనూ ఎమ్మెల్యే పనులు ప్రతిపాదిస్తారు, ఉత్తర్వు మాత్రం అధికారుల నుంచే రావాలి. కానీ జనం గేటు దగ్గరికి తెచ్చేవన్నీ అచ్చంగా ఈ పనులే. చేతిలో లేని పనికి జవాబు చెప్పుకోవడం, అధికారం లేనిచోట పలుకుబడితో నెట్టుకురావడం, మీరు కోరుకుంటున్న ఉద్యోగం ఇది.

ఉదయం ఐదున్నరకే గేటు చప్పుడయ్యేది. ముందుగా వచ్చేది దూరపు తండాల వాళ్లు, మొదటి బస్సు పట్టుకుని. నా దగ్గర పొడుగాటి రిజిస్టర్ ఉండేది. పేరు, ఊరు, ఫోన్ నంబరు, పని. ఆ చివరి గడిలో రాసినవి ఇప్పటికీ నోటికి వస్తాయి. ట్రాన్స్‌ఫార్మర్ కాలిపోయింది, పొలం ఎండుతోంది. కొడుకును స్టేషన్‌లో కూర్చోబెట్టారు. గురుకులంలో సీటు కావాలి. కల్యాణలక్ష్మి చెక్కు రాలేదు, పెళ్లయిన పిల్లకు అప్పుడే కాన్పు కూడా అయింది. అన్నదమ్ముల గట్టు పంచాయితీ. తిరుమల దర్శనానికి లెటర్. నిమ్స్‌లో ఆపరేషన్‌కు ఎల్‌ఓసీ.

ఈ ఎల్‌ఓసీ గురించి కాస్త చెప్పాలి. ముఖ్యమంత్రి సహాయనిధి నుంచి రోగికి రెండు రకాలుగా డబ్బు అందుతుంది. వైద్యం అయిపోయాక బిల్లులు పెడితే కొంత తిరిగి వచ్చేది ఒకటి. ఆపరేషన్‌కు ముందే "ఇంత మొత్తం మేం చెల్లిస్తాం" అని ఆసుపత్రికి ఇచ్చే పత్రం ఇంకొకటి, అదే ఎల్‌ఓసీ. రెండోది గంటల మీద నడిచే వ్యవహారం. ఆసుపత్రి అంచనా పత్రం, ఆధార్, రేషన్ కార్డు, ఎమ్మెల్యే సిఫార్సు లేఖ అన్నీ సచివాలయానికి చేరి, పత్రం చేతికొచ్చి, అది వార్డుకు చేరేలోపు మనిషి నిలవాలి. పందొమ్మిదేళ్లలో నేను చేసిన పనుల్లో నిజంగా పని అనిపించేది ఇదే. ఇది ఏ చట్టసభ నిబంధనల్లోనూ ఎమ్మెల్యే విధిగా రాసి ఉండదు. ఒకసారి పత్రం తీసుకుని నేను ఆటోలో వెళ్తుండగానే రోగి అన్న ఫోన్ చేసి "ఇక వద్దులే సార్" అన్నాడు. పత్రం వెనక్కి ఇచ్చేశాం. సార్ ఆ సాయంత్రమే ఆ ఊరికి వెళ్లారు. ఎవరూ ఆయన్ను ఒక్క మాటా అనలేదు, అదే ఎక్కువ కష్టంగా అనిపించింది.

ఇక లెటర్ ప్యాడ్. కొత్త ఎమ్మెల్యేలు అడిగిన ప్రతివాడికీ లెటర్ ఇచ్చేస్తారు, కాదంటే ఓటు పోతుందని భయం. ఏడాది తిరిగేసరికి ఆ లెటర్‌కు విలువ ఉండదు. అధికారులకు ఇది మనకంటే బాగా తెలుసు. లెటర్ వచ్చాక ఫోన్ వస్తుందా రాదా అని చూస్తారు, రాకపోతే ఫైల్లో పెట్టి మరిచిపోతారు. ఇందులో నా తప్పు ఒకటి ఉంది. ఒకే బడిలో ఒకే ఖాళీకి ఇద్దరు టీచర్లకు రెండు వేర్వేరు రోజుల్లో సార్ సంతకంతో లెటర్లు ఇప్పించాను. ఇద్దరూ ఒకే ఉదయం వరండాలో ఎదురుపడ్డారు. జేబుల్లోంచి లెటర్లు తీసి పక్కపక్కన పెట్టి చూసుకున్నారు. ఆ రోజు నుంచి లెటర్లకు వేరే రిజిస్టర్ పెట్టాను. మీరు ఎప్పుడైనా గెలిస్తే మొదట కొనాల్సింది కారు కాదు, ఆ రెండో రిజిస్టర్.

పదింటికి బయలుదేరితే శంకుస్థాపనలు, చెక్కుల పంపిణీ, సమీక్షలు. జిల్లా పరిషత్, మండల పరిషత్ సమావేశాల్లో ఎమ్మెల్యేకు సభ్యత్వం ఉంటుంది. మున్సిపాలిటీలో ఎక్స్ అఫీషియో సభ్యుడిగా ఛైర్మన్ ఎన్నికలో ఓటు కూడా ఉంటుంది. ఒక్కోసారి ఆ ఒక్క ఓటే పీఠాన్ని తేలుస్తుంది, అందుకే ఆ రోజు క్యాంపు రాజకీయాలు అంత రసవత్తరంగా ఉంటాయి. వీటన్నిటి మధ్యలో పెళ్లిళ్లు, పరామర్శలు. మాఘమాసం ముహూర్తాల్లో ఒక్క రాత్రి తొమ్మిది పెళ్లిళ్లకు వెళ్లిన రోజు ఉంది. ఎక్కడా అన్నం తినలేదు, తొమ్మిది చోట్లా తిన్నామనే చెప్పాం. మా డ్రైవర్ అనేవాడు, పెళ్లికి పోకపోతే రెండు నెలల్లో మరిచిపోతారు, చావుకు పోకపోతే ఎన్నికల దాకా గుర్తుపెట్టుకుంటారని. రాత్రి పదకొండు దాటాక భోజనం. ఆ తర్వాత గ్రామ నాయకుల ఫోన్లు, "అన్నా, వాడికి మైకు ఇచ్చారు నాకు ఇవ్వలేదు" అని. అసలు టెన్షన్ ప్రతిపక్షం నుంచి రాదు, ఇలా సొంత పార్టీలోని రెండు వర్గాల నుంచే వస్తుంది.

అసెంబ్లీ సంగతి ఇంతవరకూ రాలేదని మీకు అనుమానం వచ్చి ఉంటుంది. నియోజకవర్గంలో దాని గురించి అడిగేవాళ్లు నిజంగానే తక్కువ. ఈమధ్య చాలా ఏళ్లుగా రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ సభ ఏడాదికి ముప్పై రోజులు కూడా కూర్చోవడం అరుదైపోయింది. రెండు సమావేశాల మధ్య ఆరు నెలలకు మించి ఎడం ఉండకూడదని రాజ్యాంగం 174వ అధికరణలో ఉంది కాబట్టి ఆ మాత్రమైనా జరుగుతున్నాయి. కానీ ఆ కొద్దిరోజుల్లో ఎమ్మెల్యేకు ఫోన్ కంటే గట్టి ఆయుధం ఒకటి దొరుకుతుంది. అది ప్రశ్న.

నక్షత్ర గుర్తు ప్రశ్నకు మంత్రి సభలో నోటితో జవాబు చెప్పాలి, దానిపై అనుబంధ ప్రశ్నలు వేయవచ్చు. గుర్తు లేనిదానికి రాతపూర్వక జవాబు వస్తుంది. ప్రశ్న రాయడం ఒక విద్య. మొదట్లో నేను రాసిన ప్రశ్న ఇలా ఉండేది: "ఫలానా వాగుపై వంతెన నిర్మించే ప్రతిపాదన ప్రభుత్వం వద్ద ఉన్నదా? ఉన్నచో వివరములు?" జవాబు రెండు ముక్కల్లో వచ్చేసింది. "లేదండి. ప్రశ్న ఉత్పన్నం కాదు." అసెంబ్లీ కాగితాల్లో ఈ రెండు వాక్యాలు చూసినన్ని సార్లు నేను నా పేరు కూడా చూసి ఉండను. తర్వాత ఒక సీనియర్ సభ్యుడి పీఏ నేర్పాడు. ప్రతిపాదన ఉందా అని అడగకు, అంచనాలు ఏ తేదీన పంపారో, ఇప్పుడు ఏ కార్యాలయంలో ఆగాయో అడుగు అని. అలా అడిగితే జిల్లాలో ఈఈ (ఎగ్జిక్యూటివ్ ఇంజినీర్) నుంచి సచివాలయంలో సెక్షన్ దాకా అందరూ ఆ ఫైలు వెతకాలి. వెతికితే దుమ్ము దులుపుతారు, దులిపితే కదులుతుంది. ప్రశ్న సభలో చర్చకు రాకపోయినా ఫర్వాలేదు, నోటీసు ఇచ్చినందుకే సగం పని అవుతుంది.

ఇంకొకటి. సభలో మంత్రి "పరిశీలిస్తాం, చేస్తాం" అని మాటిస్తే అది రికార్డులోకి ఎక్కుతుంది. అలాంటి మాటలు నెరవేరాయో లేదో చూడటానికి ప్రభుత్వ హామీల కమిటీ అని ఒకటి ఉంటుంది. బహిరంగ సభలో ఇచ్చిన హామీకి, శాసనసభలో ఇచ్చిన హామీకి తేడా అక్కడే. తెలివైన ఎమ్మెల్యే ఉపన్యాసం తగ్గించుకుని మంత్రి నోట ఆ ఒక్క ముక్క రప్పిస్తారు. అప్పటికప్పుడు సమస్యలు లేవనెత్తే జీరో అవర్‌లో రెండు నిమిషాలు దొరికితే ఊరి పేరు, పని పేరు, ఖర్చు చెప్పి కూర్చోవాలి. మావాళ్లు చాలామంది ఆ రెండు నిమిషాల్లో ఒకటిన్నర ముఖ్యమంత్రికి ధన్యవాదాలు చెప్పడానికే వాడేవారు.

మైకు మాత్రం మన చేతిలో ఉండదు. పార్టీల బలాన్ని బట్టి సమయం పంచుతారు, ఎవరు మాట్లాడాలో జాబితా పార్టీయే ఇస్తుంది. మొదటిసారి గెలిచినవారు ఏడాదంతా ఆగిన సందర్భాలున్నాయి. బిల్లులపై ఓటు కూడా విప్, అంటే పార్టీ ఆదేశం, చెప్పినట్టే. సభ్యుడు సొంతంగా బిల్లు పెట్టి చట్టం చేయించవచ్చని మీరు పాఠ్యపుస్తకంలో చదివి ఉంటారు. పార్లమెంటులోనే 1970 తర్వాత ఒక్క ప్రైవేటు సభ్యుడి బిల్లూ చట్టం కాలేదు, రాష్ట్రాల సంగతి ఇక చెప్పనక్కర్లేదు. బడ్జెట్ సమావేశాల్లో శాఖల పద్దులు కొన్నిటిపైనే చర్చ సాగుతుంది, గడువు ముగిశాక మిగిలినవన్నీ గిలెటిన్ కింద ఒకేసారి ఆమోదిస్తారు. వేల కోట్లు అలా కొన్ని నిమిషాల్లో దాటిపోతాయి. శ్రద్ధ ఉన్నవాళ్లకు నిజమైన పని కమిటీల్లో దొరుకుతుంది, ముఖ్యంగా ప్రజాపద్దుల కమిటీలో. ప్రభుత్వ ఖర్చులను తనిఖీ చేసే కాగ్ నివేదిక ముందు పెట్టుకుని అధికారులను కూర్చోబెట్టి అడగవచ్చు. కెమెరాలు ఉండవు కాబట్టి అక్కడికి ఇష్టంగా వెళ్లేవాళ్లు తక్కువ.

సభలో అన్న మాటకు కోర్టులో కేసు ఉండదు, 194వ అధికరణ ఇచ్చిన రక్షణ అది. అదే మాట గేటు బయట మీడియా పాయింట్ దగ్గర అంటే పరువునష్టం నోటీసు రావచ్చు. డబ్బు తీసుకుని ఓటేసినా, మాట్లాడినా ఆ రక్షణ వర్తించదని 2024 మార్చిలో సుప్రీంకోర్టు ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం తేల్చేసింది. రాజ్యసభ ఎన్నికలో ఎమ్మెల్యే తన బ్యాలెట్‌ను పార్టీ ఏజెంటుకు చూపించి మరీ వేయాలి. రాష్ట్రపతి ఎన్నికలో మాత్రం రహస్య ఓటే. తెలంగాణ ఎమ్మెల్యే ఒక్క ఓటు విలువ 132, ఆంధ్రప్రదేశ్‌లో 159. ఆ రోజు మా రెండో సార్ తెల్లచొక్కా కొత్తది కుట్టించుకుని వెళ్లారు.

జీతం. తెలంగాణలో 2016లో పెంచాక ఎమ్మెల్యేకు జీతం, నియోజకవర్గ భత్యం కలిపి నెలకు రెండున్నర లక్షల రూపాయలు. అందులో జీతం పేరుతో వచ్చేది చిన్న భాగం, మిగతాదంతా భత్యం. తమాషా ఏమిటంటే ఆదాయపన్ను లెక్కలో ఎమ్మెల్యే జీతం జీతం కాదు, "ఇతర ఆదాయం" కింద చూపాలి, ఎందుకంటే ఆయనకు యజమాని ఎవరూ లేరు. మీ ఐటీ ఉద్యోగంతో పోలిస్తే ఇది తక్కువేం కాదనిపిస్తుంది. కానీ వరండాలో రోజూ మరిగే టీ, ఇద్దరు డ్రైవర్లు, డీజిల్, పెళ్లిళ్లలో చదివింపులు, చావుల్లో దహనం ఖర్చుకు ఇచ్చే పదివేలు, గణేశ్ మండపాలు, క్రికెట్ కప్పులు అన్నీ ఇందులోంచే. నిజాయతీగా ఉన్న నెలలో మా మొదటి సార్‌కు ఇరవయ్యో తేదీకి డబ్బు ఉండేది కాదు. నిజాయతీగా లేని నెలల గురించి నన్ను అడగకండి, అలాంటివి ఉండవని కూడా చెప్పను.

ఎన్నికల ఖర్చుకు వద్దాం. తెలుగు రాష్ట్రాల్లో అసెంబ్లీ అభ్యర్థి ఖర్చు పరిమితి 2022 నుంచి 40 లక్షలు. ప్రత్యేకంగా బ్యాంకు ఖాతా తెరవాలి, ఫలితం వచ్చిన 30 రోజుల్లో లెక్క సమర్పించాలి, లేకపోతే మూడేళ్లు అనర్హత పడవచ్చు. ఆ పరిమితిలో ముగిసే ప్రధాన పార్టీ పోటీని నేను చూడలేదు. అసలయ్యే ఖర్చు మీరు భరించలేని మొత్తం, ఒక్క అంకెలో చెప్పను, నియోజకవర్గాన్ని బట్టి మారుతుంది. అప్పు చేసి పోటీ చేసినవాడు గెలిచినా ఓడినా మొదటి మూడేళ్లు ఆ అప్పు కోసమే బతుకుతాడు. గెలిచాక దారి తప్పేది చాలావరకు ఇక్కడే.

డిపాజిట్ పదివేలు, ఎస్సీ ఎస్టీలకు ఐదువేలు. పోలై చెల్లిన ఓట్లలో ఆరో వంతు దాటకపోతే పోతుంది. గుర్తింపు పొందిన పార్టీ అభ్యర్థికి ఒక్కరు ప్రతిపాదిస్తే చాలు, స్వతంత్రుడికి పదిమంది కావాలి. అఫిడవిట్ విషయంలో మాత్రం చార్టర్డ్ అకౌంటెంట్‌నూ లాయర్‌నూ పక్కన కూర్చోబెట్టుకోండి. 2023 జులైలో కొత్తగూడెం ఎమ్మెల్యే ఎన్నిక చెల్లదని తెలంగాణ హైకోర్టు తీర్పు ఇచ్చింది. అఫిడవిట్‌లో వివరాలు సరిగా చూపలేదన్నది అభియోగం. ఆ తర్వాత సుప్రీంకోర్టు స్టే ఇచ్చింది గానీ, 2018లో గెలిచిన ఎన్నిక మీద ఐదేళ్ల తర్వాత కూడా కత్తి వేలాడిందంటే అర్థం చేసుకోండి.

వీటన్నిటికంటే ముందు బీ-ఫారం, అంటే మీరే తమ అభ్యర్థి అని పార్టీ ఇచ్చే కాగితం. ఎమ్మెల్యే బతుకులో రెండు ఎన్నికలుంటాయి. ఒకటి పార్టీ ఆఫీసులో, రెండోది ఊళ్లో. మొదటిదానికి తేదీ ఉండదు, ఓటర్లు నలుగురో ఐదుగురో, లెక్కింపు ఎప్పుడు జరిగిందో కూడా తెలియదు. మా రెండో సార్ రెండుసార్లు ఊళ్లో గెలిచి, మూడోసారి పార్టీ ఆఫీసులో ఓడిపోయారు. జాబితా టీవీలో చదువుతుంటే వరండాలో రెండొందల మంది ఉన్నారు. జాబితా అయ్యేసరికి ముప్పై మంది మిగిలారు. ఎవరూ చెప్పి వెళ్లలేదు.

పైకి ఎలా ఎదుగుతారని అడిగారు. ఇప్పటి తెలంగాణ ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డి 2006లో మిడ్జిల్ నుంచి స్వతంత్రుడిగా జెడ్పీటీసీ గెలిచారు, స్వతంత్రుడిగానే ఎమ్మెల్సీ అయ్యారు, 2009లో కొడంగల్ ఎమ్మెల్యే, 2019లో మల్కాజిగిరి ఎంపీ, 2023 డిసెంబరులో ముఖ్యమంత్రి. మెట్లు ఎక్కినవాళ్లకు ఇది మంచి నమూనా. చంద్రబాబు, రాజశేఖర్‌రెడ్డి ఇద్దరూ తొలిసారి 1978లో, ముప్పై ఏళ్లలోపే సభలో అడుగుపెట్టారు. కేసీఆర్ 1983లో సిద్దిపేటలో ఓడి 1985లో గెలిచారు. ఈ పేర్లు చూసి ఆశపడటం సహజం. కానీ లెక్క చూడండి. 2003లో వచ్చిన 91వ సవరణ ప్రకారం మంత్రుల సంఖ్య సభలో 15 శాతం దాటకూడదు. 119 మంది ఉన్న తెలంగాణలో ముఖ్యమంత్రితో కలిపి 18, 175 మంది ఉన్న ఆంధ్రప్రదేశ్‌లో 26. కులం, జిల్లా, విధేయత అన్నీ తూచాక మిగిలే కుర్చీ కోసం నాలుగుసార్లు గెలిచినవాళ్లు కూడా ఎదురుచూస్తూనే ఉంటారు. చాలామంది ఎమ్మెల్యేల కెరీర్ ఎమ్మెల్యేగానే మొదలై ఎమ్మెల్యేగానే ముగుస్తుంది.

ప్రతిపక్షంలో ఉంటే బతుకు వేరే. మొదటి సార్ దగ్గర ఒక ఫోన్‌తో అయ్యే పనికి రెండో సార్ దగ్గర మూడుసార్లు తిరిగేవాణ్ణి. మన మీద ఓడిపోయిన అధికార పార్టీ అభ్యర్థి "నియోజకవర్గ ఇన్‌ఛార్జ్" అవుతారు. ఆ పదవి ఏ చట్టంలోనూ లేదు, అయినా ఎస్సై మొదట ఆయన ఇంటికే వెళ్తాడు. శిలాఫలకం మీద పేరు చిన్నగా రాశారనో, అసలు పిలవలేదనో ప్రోటోకాల్ గొడవలు. చదివేవాళ్లకు ఇదంతా చిల్లరగా అనిపిస్తుంది. కానీ ఆ ఫలకం మీద పేరు లేకపోతే ఊళ్లో "మనోడితో పని కాదు" అనే మాట పుడుతుంది, అది పుట్టిందంటే ఇక ఆపలేం.

పార్టీ మారడం మొదలయ్యేది ఇక్కడే. "నియోజకవర్గ అభివృద్ధి కోసం" అనే మాట విని అందరూ నవ్వుతారు, నేనూ నవ్వుతాను. కానీ అది పూర్తి అబద్ధం కాదు, అదే చిక్కు. 1985లో రాజ్యాంగంలో చేరిన పదో షెడ్యూలు, అంటే ఫిరాయింపుల నిరోధక చట్టం, ప్రకారం పార్టీని స్వచ్ఛందంగా వదిలినా, విప్‌కు వ్యతిరేకంగా ఓటేసినా సభ్యత్వం పోతుంది. తేల్చేది స్పీకర్. మూడింట రెండు వంతుల మంది కలిసి విలీనమైతే మినహాయింపు. 2019 జూన్‌లో తెలంగాణలో 18 మంది కాంగ్రెస్ ఎమ్మెల్యేల్లో 12 మంది టీఆర్ఎస్‌లో విలీనమయ్యారు. లెక్క వేసుకోండి, సరిగ్గా సరిపోయింది. స్పీకర్ ఏళ్ల తరబడి తేల్చకపోతే పదవీకాలమే అయిపోతుంది. అందుకే 2025 జులైలో బీఆర్ఎస్ నుంచి వెళ్లినవారి కేసులో సుప్రీంకోర్టు తెలంగాణ స్పీకర్‌కు మూడు నెలల గడువు పెట్టింది. మా రెండో సార్‌ను కూడా అడిగారు, ఒకటి కాదు మూడుసార్లు. మారలేదు. దానికి ఆదర్శం ఎంత కారణమో, పక్క పార్టీలో అప్పటికే ఉన్న ఇన్‌ఛార్జ్‌తో పడకపోవడం ఎంత కారణమో నేను చెప్పలేను.

మీ ప్రశ్నలో గుమ్మడి నర్సయ్య గారిలా ఉండాలని ఉందని రాశారు. ఇల్లెందు నుంచి ఐదుసార్లు గెలిచి, బస్సుల్లో, సైకిల్ మీద తిరిగిన మనిషి. అంతకుముందు తరంలో పుచ్చలపల్లి సుందరయ్య గారి సైకిల్ గురించి తెలియనివారు లేరు. ఇద్దరి వెనకా ఊరూరా పనిచేసే కమ్యూనిస్టు నిర్మాణం ఉంది, దశాబ్దాల పోరాటాలు ఉన్నాయి. సైకిల్ ఒక్కటే కొనుక్కుంటే చాలదు. నర్సయ్య గారు కూడా 2009 నుంచి మళ్లీ గెలవలేకపోయారు, అదీ గమనించండి.

ఇంట్లోవాళ్ల సంగతి ఒక్క మాటలో. సార్ లేనప్పుడు వరండా నడిపేది ఆ ఇంటి అమ్మగారే. ఏ ఎమ్మెల్యే భార్యకూ జీతం లేదు, సెలవు లేదు. మీకు పెళ్లి కాలేదని రాశారు కాబట్టి, సంబంధాలు చూసేటప్పుడే ఈ కోరిక చెప్పేయండి.

ఓడిపోవడం. ఎన్‌టీఆర్ 1989లో కల్వకుర్తిలో ఓడారు, హిందూపురం గెలిచారు కాబట్టి సభలో ఉన్నారు. 2023లో కామారెడ్డిలో కేసీఆర్, రేవంత్ ఇద్దరూ ఓడారు, ఇద్దరికీ రెండో సీటు ఉంది. పవన్ కల్యాణ్ 2019లో పోటీ చేసిన రెండుచోట్లా ఓడి, 2024లో పిఠాపురంలో గెలిచారు. పెద్దవాళ్లకు పార్టీ ఉంటుంది, మళ్లీ లేస్తారు. మామూలు ఎమ్మెల్యేకు ఏముంటుంది? 2019లో విజయవాడ సెంట్రల్‌లో గెలుపు ఓటములకు తేడా 25 ఓట్లు. పాతిక మంది, అంటే మా వరండాలో ఒక గంటకు వచ్చినంతమంది కూడా కాదు.

మా మొదటి సార్ ఓడిన మర్నాడు పొద్దున నేను అలవాటుగా ఐదున్నరకే వెళ్లాను. గన్‌మెన్‌లో ఒకరు అప్పటికే బ్యాగు సర్దుకున్నారు. రిజిస్టర్ తెరిచి తేదీ వేశాను, ఏడింటిదాకా ఒక్క పేరూ పడలేదు. సార్ వచ్చి కుర్చీలో కూర్చుని పేపర్ మొత్తం చదివారు, ప్రకటనలతో సహా. పదేళ్లలో ఆయన పేపర్ పూర్తిగా చదవడం నేను చూడలేదు. తర్వాత రోజుల్లో హైదర్‌గూడ క్వార్టర్ ఖాళీ చేయడం, అప్పులవాళ్లు రావడం, ఒక్కసారి గెలిచినా వచ్చే పింఛనుకు కాగితాలు పెట్టడం. షుగర్ పెరిగింది. ఆయనకు ఐదెకరాల మామిడి తోట ఉంది కాబట్టి నిలబడ్డారు. వేరే జీవనాధారం లేనివాళ్లు కాంట్రాక్టర్ల చుట్టూ, మంత్రుల చుట్టూ కార్పొరేషన్ పదవి కోసం తిరగడం చూశాను. నిన్నటిదాకా తాము లెటర్లు ఇచ్చినవాళ్ల దగ్గరే లెటర్లు అడగడం.

ఇప్పుడు మీ విషయం. చట్టప్రకారం మీకు అడ్డంకి ఏదీ లేదు. 25 ఏళ్లు నిండాలి, నిండాయి. రాష్ట్రంలో ఏదో ఒక నియోజకవర్గంలో ఓటరై ఉండాలి, ఓటు హైదరాబాద్‌లో ఉన్నా మీ ఊళ్లో పోటీ చేయవచ్చు. అయినా ఓటు ఊరికి మార్చుకోండి, తన ఓటు తనకే వేసుకోలేని అభ్యర్థి అనే మాట పడకూడదు. చదువు నిబంధన లేదు. సర్పంచికి చాలాఏళ్లు ఇద్దరు పిల్లల నిబంధన పెట్టారు గానీ ఎమ్మెల్యేకు అదీ ఎప్పుడూ లేదు, చట్టం చేసేది వాళ్లే కదా.

ఉద్యోగం ఇప్పుడే మానకండి. శని, ఆదివారాలు ఊరికి వెళ్లి ఒక్క పని పట్టుకోండి. ఎల్‌ఓసీలు కావచ్చు, పంటబీమా కావచ్చు, భూమి రికార్డుల తప్పులు కావచ్చు. ఒకే పని మూడేళ్లు చేస్తే నలభై ఊళ్లలో మీ నంబరు ఉంటుంది. వీలైతే ముందు ఎంపీటీసీకో జెడ్పీటీసీకో నిలబడండి, 21 ఏళ్లకే అర్హత ఉంది. అక్కడ ఓడినా ఇల్లు మిగులుతుంది.

చివరగా, ఎవరూ చెప్పని సంగతి ఒకటి. మొదటి సార్ రెండు మండలాలను సొంత ఇల్లులా చూసుకున్నారు. ప్రతి ఇంటి చావుకూ వెళ్లారు. 2009 ఎన్నికల నాటికి నియోజకవర్గాల పునర్విభజన అమల్లోకి వచ్చి ఆ రెండు మండలాలూ పక్క నియోజకవర్గంలోకి వెళ్లిపోయాయి, బదులుగా ఆయన ముఖం తెలియని మండలాలు వచ్చాయి. మళ్లీ అలాంటి మార్పు ముందుంది. 2014 రాష్ట్ర విభజన చట్టంలో తెలంగాణ సీట్లను 119 నుంచి 153కు, ఆంధ్రప్రదేశ్ సీట్లను 175 నుంచి 225కు పెంచే నిబంధన ఉంది. 2023లో వచ్చిన 106వ సవరణ మూడోవంతు స్థానాలను మహిళలకు కేటాయిస్తుంది, అది జనగణన, పునర్విభజన తర్వాత అమలవుతుంది. ఎస్సీ, ఎస్టీ రిజర్వుడు స్థానాలు కూడా అప్పుడు మారవచ్చు. మీరు ఇప్పుడు "మా నియోజకవర్గం" అంటున్నది అప్పటికి అదే హద్దులతో, అదే కేటగిరీలో ఉంటుందని అనుకోకండి. పునర్విభజన ముసాయిదా వచ్చినప్పుడు అభ్యంతరాలకు గడువు ఇస్తారు. మీ మండలం ఎటు పడిందో ఆ రోజు మ్యాప్ తెరిచి చూసుకోండి. కంపెనీకి రాజీనామా లేఖ ఆ తర్వాత రాద్దురు గాని.